బొమ్మల పుస్తకము వ్రాసిన బిషప్పు
జాన్ ఆమోస్ కొమీనియస్ జీవితము, మన బిడ్డల చదువు

మన డయాసిస్ నూరేండ్ల పండుగ జరుపుకొనుచున్న ఈ సమయములో, పెద్దలు మనకు కట్టి యిచ్చిన గుడులను, ఆసుపత్రులను, బడులను కృతజ్ఞతతో తలంచుకొనుచున్నాము. ఎన్ని బడులు వెలసినవి, ఎందరు చదివి పైకి వచ్చినారు అను లెక్కలు ఈ సంచికలో మాకంటె సమర్థులైనవారు వ్రాయుదురు. మేము మాత్రము ఆ బడులలో బల్లమీద కూర్చున్న బిడ్డ మనస్సును గూర్చి జీవితమంతయు ఆలోచించిన ఒక సంఘకాపరి కథ చెప్పదలచినాము. ఆయన మన దేశస్థుడు కాడు, మన కాలమువాడు కాడు. అయినను ఆయన వేసిన ప్రశ్న నేటికిని మన గుమ్మములో నిలిచియే ఉన్నది.

ముందుగా మా తప్పు ఒకటి ఒప్పుకొనవలెను. కొన్నేండ్ల క్రిందట మేము కాపరిగా ఉన్న ఒక గ్రామములో, ఆరుద్ర కార్తెలో మంచి వాన పడిన మరునాడు సండే స్కూలు జరుగుచున్నది. ఆనాటి పాఠము ఆదికాండము మొదటి అధ్యాయము, దేవుడు సమస్తమును సృజించుట. ఏడెనిమిదేండ్ల పిల్లవాడొకడు ఆలస్యముగా వచ్చి, జేబులోనుండి అగ్గిపెట్టె తీసి మా ముందు తెరచినాడు. అందులో ఒక ఆరుద్ర పురుగు. దీనికి ఈ ఎర్ర మఖమలు చొక్కా ఎవరు కుట్టినారు అయ్యగారూ అని వాడు అడిగినాడు. మిగిలిన పిల్లలందరు లేచి మా చుట్టు మూగినారు. తరగతి చెదరిపోవుచున్నదని మాకు విసుగు పుట్టినది. దానిని బయట పారవేసి వచ్చి కంఠత వాక్యము అప్పజెప్పమన్నాము. వాడు పారవేసి వచ్చినాడు. వాక్యము ఒక్క తప్పు లేకుండ అప్పజెప్పినాడు. మేము సంతోషించి వానికి బొమ్మ కార్డు ఒకటి ఇచ్చినాము. ఆ తరువాత వాడు ఎన్నడును ఏదియు పట్టుకొని రాలేదు, ఏమియు అడుగలేదు.

సృష్టిని గూర్చిన పాఠము చెప్పుటకై సృష్టిని బయట పారవేయించిన ఉపాధ్యాయులము మేము. ఈ సంగతి మాకు ఆనాడు తెలియలేదు. వేదాంత కళాశాలలో చదువుకొన్న దినములలో సంఘ చరిత్ర పాఠములలో విన్న కొమీనియస్ గారి జీవితమును మరల చదువుచుండగా, కొన్ని నెలల తరువాత తెలిసినది. అందుచేతనే ఆయన కథ చెప్పుట మాకు ఒక విధముగా బాకీ తీర్చుకొనుట వంటిది.

అనాథ బాలుడు

జాన్ ఆమోస్ కొమీనియస్ 1592వ సంవత్సరము మార్చి 28వ తేదీన, ఇప్పటి చెక్ దేశములోని మొరేవియా ప్రాంతములో జన్మించారు. వారి కుటుంబము సహోదరుల ఐక్య సంఘమునకు చెందినది. సత్యము కొరకు 1415లో అగ్నిలో దహింపబడిన జాన్ హస్ గారి బోధ నుండి మొలకెత్తి, 1457లో ఏర్పడిన సంఘమది. సంఖ్యలో చిన్నదైనను చదువుయందు, పాటలయందు, క్రమశిక్షణయందు పేరుపొందినది. తమ మాతృభాషయైన చెక్ భాషలోనికి బైబిలును చక్కగా అనువదించుకొన్నవారు వీరు.

ఆమోస్ పండ్రెండేండ్ల వయస్సులో ఉండగా తండ్రి, తల్లి, ఇద్దరు అక్కచెల్లెండ్రు కొద్దికాలములోనే చనిపోయినారు. బాలుడు మేనత్త ఇంటికి చేరినాడు. తండ్రి విడిచిన ఆస్తి అతని చేతికి సరిగా అందలేదు. చదువు అంతంత మాత్రముగా సాగినది. పదునారవ ఏట, అనగా 1608లో, సంఘ పెద్దల సహాయముతో ప్షెరోవ్ పట్టణములోని లాటిను పాఠశాలలో చేరినాడు. తనకంటె ఎంతో చిన్నవారైన పిల్లల ప్రక్కన కూర్చుండి మొదటి పాఠము నుండి నేర్చుకొనవలసి వచ్చినది.

లోకము దీనిని దురదృష్టమనును. కాని దేవుడు ఆ ఆలస్యమునే వాడుకొన్నాడని మేము తలంచుచున్నాము. ఆరేండ్ల పిల్లవాడు బడిలో దెబ్బలు తిన్నను, అది లోక సహజమనుకొని మరచిపోవును. పదునారేండ్లవాడు చూచుచు కూర్చుండును. ఆమోస్ చూచినాడు. లాటిను భాషను నేర్పుటకు లాటినులోనే వ్రాసిన వ్యాకరణ సూత్రములను, అర్థము తెలియకముందే వల్లె వేయించుట చూచినాడు. తప్పిన ప్రతి మాటకు బెత్తము లేచుట చూచినాడు. ఉదయము బడిలోనికి గంతులు వేయుచు వచ్చిన పసివారు కొన్ని మాసములలో నోరు మూసికొని కూర్చుండుట చూచినాడు. అట్టి బడులు పిల్లల మనస్సులను వధించు స్థలములని ఆయన తరువాతి కాలములో కఠినముగా వ్రాసినారు. ఆ మాట కోపముతో వ్రాసినది కాదు, జ్ఞాపకముతో వ్రాసినది.

ప్షెరోవ్ నుండి ఆయన జర్మనీలోని హెర్బోర్న్, హైడెల్‌బర్గ్ విద్యాలయములకు వెళ్లి వేదాంతము చదివినారు. ఈ దినములలో జరిగిన ఒక చిన్న సంగతి చెప్పదగినది. సూర్యుని చుట్టు భూమి తిరుగుచున్నదని వ్రాసిన కోపర్నికస్ పండితుని గ్రంథము, ఆ పండితుడు స్వహస్తముతో వ్రాసిన ప్రతి, 1614 జనవరిలో హైడెల్‌బర్గులో అమ్మకమునకు వచ్చినది. ఈ బీద విద్యార్థి దానిని కొన్నాడు. విచిత్రమేమనగా, కోపర్నికస్ సిద్ధాంతమును కొమీనియస్ గారు అంగీకరింపలేదు. అంగీకరింపని పుస్తకమును సహితము పదిలపరచవలెనని తోచిన ఆ కుతూహలము ఆయన స్వభావమునకు గుర్తు. ఆ వ్రాతప్రతి నేడు పోలండులోని క్రాకోవ్ నగరములో భద్రముగా ఉన్నది.

అగ్నిలో నడచిన కాపరి

స్వదేశమునకు తిరిగి వచ్చి, తాను చదివిన ప్షెరోవ్ పాఠశాలలోనే ఉపాధ్యాయుడైనారు. 1616లో అభిషేకము పొందినారు. 1618లో ఫుల్నెక్ అను ఊరిలో సంఘకాపరియై, అక్కడి పాఠశాలను కూడ నడిపినారు. ఆ సంవత్సరమే వివాహమైనది. ఇరువదియారేండ్ల యువకుడు, క్రొత్త కాపురము, ఎదుగుచున్న సంఘము. ఆయన జీవితములో కలత లేని కాలమనదగినది ఈ రెండు మూడు సంవత్సరములే.

అదే 1618లో ముప్పది సంవత్సరముల యుద్ధము ప్రారంభమైనది. 1620 నవంబరులో ప్రాగ్ నగరము వెలుపల తెల్లకొండ వద్ద జరిగిన పోరులో బొహీమియా ప్రొటెస్టంటులు ఓడిపోయినారు. మరుసటి సంవత్సరము ఫుల్నెక్ పట్టణము దోచబడి తగులబెట్టబడినది. కాపరులను వెదకి పట్టుకొనుచుండగా కొమీనియస్ గారు అడవులలోను, ఆదరించిన ప్రభువుల ఎస్టేటులలోను దాగుకొన్నారు. 1622లో ఆయన భార్యయు, ఇద్దరు పసిబిడ్డలును మహామారిలో చనిపోయినారు. 1623లో ఆయన పుస్తకములను ఫుల్నెక్ బజారులో కుప్పబోసి కాల్చినారు.

భార్య పోయినది, బిడ్డలు పోయిరి, సంఘము చెదరినది, పుస్తకములు బూడిదయైనవి. ఆ దినములలోనే ఆయన లోకమను పద్మవ్యూహములో త్రోవ తప్పి తిరిగి, చివరకు తన హృదయములోనే క్రీస్తును కనుగొనిన యాత్రికుని కథ ఒకటి వ్రాసినారు. చెక్ భాషలో అది నేటికిని గొప్ప గ్రంథముగా చదువబడుచున్నది.

1628 ఫిబ్రవరిలో, చలికాలపు మంచులో, ఆయన తన సంఘస్థులతో కలిసి సరిహద్దు దాటి పోలండులోని లెష్నో పట్టణమునకు వెళ్లినారు. సరిహద్దు కొండమీద మోకాళ్లూని, ఈ దేశములో నీ విత్తనము నశింపనీయకుము ప్రభువా అను భావముతో ప్రార్థించినారని అక్కడి ప్రజలు తరతరములుగా చెప్పుకొందురు. ఆయన మరల స్వదేశములో కాపురముండలేదు.

తల్లి ఒడిలోని బడి

లెష్నోలో ఆయన ఉపాధ్యాయులుగా జీవించినారు. శరణార్థియైన కాపరి దేనిని గూర్చి వ్రాయును? శత్రువులను గూర్చి వ్రాయవచ్చును, పోయిన ఆస్తిని గూర్చి వ్రాయవచ్చును. ఈయన పసిపిల్లలను గూర్చి వ్రాసినారు. తన జనులు ఎన్నడైన ఇంటికి తిరిగి వెళ్లిన యెడల, పాడైన దేశమును మరల కట్టుటకు మొదట కావలసినవి కోటలు కావు, పిల్లల బడులే అని ఆయన నమ్మినారు.

సుమారు 1630 ప్రాంతములో ఆయన తల్లుల కొరకు చెక్ భాషలో ఒక చిన్న పుస్తకము వ్రాసినారు. పుట్టినది మొదలు ఆరేండ్ల వరకు బిడ్డకు తల్లి ఒడియే బడి అని దాని సారాంశము. దేవుడిచ్చిన ఈ నగలు వెండి బంగారములకంటె, రత్నములకంటె విలువైనవని తల్లులకు జ్ఞాపకము చేసినారు. అంతటితో ఆగక, ఒడిలోని పసివాడు ఏమేమి శాస్త్రములు నేర్చుచున్నాడో లెక్కవేసి చూపినారు. నీరు, నిప్పు, వాన, మంచు, రాయి, చెట్టు వీటి పేర్లు తెలిసికొన్న బిడ్డ ప్రకృతిశాస్త్రము ప్రారంభించినాడు. సూర్యుని, చంద్రుని, చుక్కలను వ్రేలితో చూపిన బిడ్డ ఖగోళశాస్త్రములో అడుగుపెట్టినాడు. కొండ యేది, లోయ యేది, ఏరు యేది అని గుర్తించినవాడు భూగోళము చదివినాడు. నిన్న ఏమి జరిగినదో చెప్పగలిగినవాడు చరిత్ర నేర్చినాడు. ఇది పెద్దది, అది చిన్నది అని తెలిసినవాడు క్షేత్రగణితము మొదలిడినాడు. మట్టితో ఇండ్లు కట్టుట, పుల్లలు పేర్చుట వ్యర్థమైన ఆటలు కావు, అవి ఆ వయస్సుకు తగిన పాఠములు. కాబట్టి ఆపవద్దు, చేతనైతే మీరు కూడ కూర్చుండి సహాయము చేయుడని పెద్దలకు హితవు చెప్పినారు.

ఇందులోని మర్మమును గమనింపవలెను. బిడ్డ అన్నిటిని చూచి ఆశ్చర్యపడును. ఆ ఆశ్చర్యము మనము నేర్పినది కాదు, సృష్టికర్త తానే బిడ్డలో పెట్టి పంపినది. ఆకలి లేనివానికి అన్నము పెట్టలేము. ఆశ్చర్యము చచ్చినవానికి చదువు చెప్పలేము. ఉపాధ్యాయుని మొదటి పని ఆ ఆకలిని చంపకుండుటయే.

ఇదే కాలములో ఆయన వ్రాసిన మహా బోధనాశాస్త్రమను గ్రంథములో ఈ ఆలోచన ఇంకను విశాలమైనది. ధనికులకే కాదు బీదలకు, మగపిల్లలకే కాదు ఆడపిల్లలకు, పట్టణములకే కాదు ప్రతి గ్రామమునకు బడి కావలెనన్నారు. మొదట మాతృభాషలో, ఆ తరువాతనే పరభాషలో చదువు చెప్పవలెనన్నారు. ఆ దినములలో ఈ మాటలు వినినవారికి ఎంత వింతగా తోచియుండునో ఊహించుకొనవచ్చును. ఆయన ఉదాహరణలన్నియు తోటలోనుండి, గూటిలోనుండి వచ్చినవే. పక్షి చలికాలములో గ్రుడ్లు పెట్టదు, పిల్లలు పెరుగుటకు అనువైన వసంతకాలమును చూచుకొనును. తోటమాలి మొక్కను పైకి లాగి పెంచడు. సూర్యుడు ఒక్కొక్క ఆకునకు వేరువేరుగా వెలుగివ్వడు, అన్నిటి మీద ఒక్కసారే ప్రకాశించును. బోధయు అట్లే ఉండవలెను. అన్నియు సహజముగా ప్రవహింపవలెను, బలాత్కారము ఉండరాదు అను అర్థమిచ్చు మాటను ఆయన తన గురుతుగా పెట్టుకొన్నారు.

అన్నిటికంటె ముఖ్యమైన సూత్రము ఒకటి ఉన్నది. మాటకంటె ముందు వస్తువును చూపవలెను. కంటితో చూడదగిన దానిని కంటికి, చెవితో వినదగిన దానిని చెవికి, ముట్టి తెలిసికొనదగిన దానిని చేతికి ఇవ్వవలెను. వస్తువు దొరకనప్పుడు దాని బొమ్మనైన చూపవలెను. మన ప్రభువు బోధించిన తీరు ఇదియే గదా! ఆయన ఆకాశపక్షులను చూపినాడు, అడవిపువ్వులను చూపినాడు, ఆవగింజను, నాణెమును చూపినాడు. ఒక చిన్న బిడ్డను పిలిచి శిష్యుల నడుమ నిలువబెట్టినాడు.

దేశదేశముల తిరుగుడు

1631లో ఆయన ప్రచురించిన లాటిను పాఠ్యపుస్తకము యూరపు ఖండమంతట వ్యాపించి అనేక భాషలలోనికి వెళ్లినది. పొడి సూత్రములకు బదులు, లోకములోని వస్తువులను గూర్చిన వేయి వాక్యములతో భాష నేర్పు పుస్తకమది. ఇల్లు లేని కాపరి పేరు ఇంటింట వినబడినది. 1641లో ఇంగ్లాండు మిత్రులు పిలువగా లండనుకు వెళ్లినారు. సమస్త జ్ఞానమును సమస్త జనులకు అందించు విద్యాలయమొకటి స్థాపింపవలెనని అక్కడ ఆలోచనలు సాగినవి. మరుసటి సంవత్సరము ఆ దేశములో అంతర్యుద్ధము మొదలైనందున ఆ ఆలోచన అంతటితో నిలిచిపోయినది. స్వీడను ప్రభుత్వము తమ బడులకు పుస్తకములు వ్రాయుమని కోరినది. స్వీడను సహాయముతో తన జనులు స్వదేశము చేరగలరను ఆశతో ఆయన ఎల్బింగ్ పట్టణములో ఆరు సంవత్సరములు శ్రమపడినారు. 1648లో యుద్ధము ముగిసి సంధి జరిగినది. ఆ సంధిలో ఆయన సంఘమునకు చోటు దొరకలేదు. ఇంటి తలుపు శాశ్వతముగా మూయబడినది. ఆ సంవత్సరమే ఆయన రెండవ భార్యయు మరణించినది. ఆ సంవత్సరమే సంఘస్థులు ఆయనను తమ ప్రధాన బిషప్పుగా నిలిపినారు. 1650లో ఆయన తన సంఘమును మరణశయ్య మీద నున్న తల్లిగా ఊహించి, ఆమె తన బిడ్డలకు, ఇతర సంఘములకు వ్రాసిన వీలునామా వంటి చిన్న గ్రంథము వ్రాసినారు.

అదే సంవత్సరము హంగరీలోని సారోస్‌పటక్ పాఠశాలను సంస్కరింపుమని పిలుపు వచ్చినది. ఏడు తరగతుల పాఠశాలకు పథకము వేసినారు గాని, మూడు తరగతులే తెరువగలిగినారు. చదువు మీద పిల్లలకు ఇష్టము పుట్టించుటకై పాఠములనే నాటకములుగా వ్రాసి వారిచేతనే ఆడించినారు. అక్కడ ఉండగానే మరియొక పని చేసినారు. చిన్నపిల్లల కొరకు బొమ్మల పుస్తకము తయారుచేసి, చెక్క అచ్చుల పనికై జర్మనీలోని నూరెంబర్గు నగరమునకు పంపినారు.

1654లో లెష్నోకు తిరిగి వచ్చినారు. రెండు సంవత్సరములకు, 1656 ఏప్రిల్‌లో, స్వీడను పోలండు యుద్ధములో లెష్నో కాలిపోయినది. నలువది సంవత్సరములకు పైగా కూర్చుచున్న చెక్ భాషా నిఘంటువు వ్రాతప్రతి ఆ మంటలలో నాశనమైనది. ఆ నష్టమునకు ఆయన చివరి శ్వాసవరకు దుఃఖించినారు.

ఇక్కడ నిజమును దాచరాదు. స్వీడను రాజును పొగడుచు ఆయన ఒక రచన చేసియున్నందున పోలండువారి కోపమునకు కొంత కారణమైనారు. తన జనులు ఇంటికి చేరుదురని చెప్పిన కొందరి స్వప్నములను, ప్రవచనములను నమ్మి వాటిని అచ్చు వేయించి, పండితుల నిందకు పాత్రులైనారు. దైవజనులు కూడ మంటి ఘటములే. అయినను ఆ ఘటములోని ధనమును మనము విడిచిపెట్టరాదు.

బొమ్మల పుస్తకము

అరువదినాలుగేండ్ల వయస్సులో, ఇల్లు లేక, గ్రంథాలయము లేక, ఆయన హాలండులోని ఆమ్‌స్టర్‌డామ్ నగరము చేరినారు. పాత మిత్రుని కుమారుడు ఆశ్రయమిచ్చినాడు. 1657లో ఆయన విద్యాగ్రంథములన్నియు ఒక చోట అచ్చయినవి. 1658లో నూరెంబర్గు నుండి ఆ బొమ్మల పుస్తకము వెలువడినది. దానికి కనిపించు లోకము యొక్క బొమ్మలు అని అర్థమిచ్చు పేరు పెట్టినారు. పిల్లల కొరకు బొమ్మలతో వచ్చిన తొలి పాఠ్యపుస్తకములలో అది అగ్రగణ్యము.

ఆ పుస్తకము ఎట్లుండునో చెప్పెదము. మొదటి పుటలో ఒక గురువు, ఒక బాలుడు నిలుచుండి మాటలాడుచుందురు. గురువు జ్ఞానము నేర్చుకొన రమ్మని పిలుచును. ఇద్దరును బయలుదేరుదురు. అక్షరములు కూడ జంతువుల కూతలతో మొదలగును. కాకి అరుపు ఒక అక్షరము, గొఱ్ఱెపిల్ల అరుపు మరియొకటి. పిల్లవాడు నవ్వుచు, అరచుచు అక్షరము నేర్చుకొనును. తరువాత సుమారు నూటయేబది పాఠములు. దేవునితో ప్రారంభమై, ఆకాశము, నిప్పు, గాలి, నీరు, మేఘములు, చెట్లు, పక్షులు, పురుగులు, మనుష్యుని శరీరము, రొట్టె కాల్చువాడు, వడ్రంగి, పుస్తకములు అచ్చువేయువాడు మొదలగువారందరిని దాటుకొని చివరి తీర్పు వరకు సాగును. ప్రతి పాఠమునకు ఒక బొమ్మ ఉండును. బొమ్మలోని వస్తువులకు అంకెలు వేసి, ఆ అంకెలనే ప్రక్కనున్న వాక్యములలోని మాటలకు వేసినారు. లాటిను మాట ప్రక్కన పిల్లవాని సొంత భాషలోని మాట ఉండును.

ముందుమాటలో ఆయన ఇచ్చిన సలహాలు ఇంకను ముచ్చటైనవి. బడికి పోకముందే ఈ పుస్తకమును పిల్లలకిచ్చి, వారి ఇష్టము వచ్చినట్లు బొమ్మలు చూడనియ్యవలెను. ఆ బొమ్మలను చూచి వారిని గీయనియ్యవలెను. వీలైనచోట బొమ్మతో తృప్తిపడక అసలు వస్తువునే తెచ్చి చూపవలెను.

మరుసటి సంవత్సరమే, 1659లో, అది ఇంగ్లీషులోనికి వచ్చినది. రెండు వందల సంవత్సరముల పాటు యూరపు పిల్లల చేతులలో తిరిగినది. జర్మను మహాకవి గోథే బాల్యములో చూచి ఆనందించిన పుస్తకములలో అదియొకటి. ఆలోచించి చూడుడు. తన ఇద్దరు పసిబిడ్డలను మహామారికి అప్పగించిన తండ్రి, నలువదేండ్ల శ్రమను మంటకు అప్పగించిన పండితుడు, ముసలితనములో లోకమునకు అందించిన కానుక ఏడుపుల పుస్తకము కాదు. ఈ లోకము చూడదగినది, రా నాయనా చూడుము అని పిల్లలను పిలుచు పుస్తకము. ఇది విశ్వాసము గాక మరేమి?

1670 నవంబరు 15వ తేదీన, డెబ్బదియెనిమిదవ ఏట, ఆయన ఆమ్‌స్టర్‌డామ్‌లో ప్రభువునందు నిద్రించినారు. సమీపముననున్న నార్డెన్ పట్టణములోని చిన్న దేవాలయములో ఆయనను సమాధిచేసినారు.

విత్తనము చావలేదు

ఆ సంఘమునకు అంతము వచ్చినదని అందరు అనుకొన్నారు. కాని కొమీనియస్ గారి కుమార్తె కుమారుడైన డేనియల్ ఎర్నెస్ట్ యబ్లోన్‌స్కీ ఆ బిషప్పుల పరంపరను కాపాడినారు. 1722 నుండి జర్మనీలోని హెర్న్‌హూట్‌లో చేరిన మొరేవియా శరణార్థులలో సంఘము మరల చిగిర్చినది. 1735లో యబ్లోన్‌స్కీ గారి చేతులమీదుగానే వారికి బిషప్పు లభించినాడు. ఆ మొరేవియను సంఘము లోకపు నలుమూలలకు మిషనెరీలను పంపిన సంగతి మనకు తెలిసినదే.

తెలుగు క్రైస్తవులమైన మనకు మరియొక బంధము కలదు. కొమీనియస్ గారు చివరి సంవత్సరములలో వ్రాయుచున్న మహాగ్రంథము, అనగా పుట్టుక నుండి మరణము వరకు ప్రతి మనుష్యునికి ప్రతి వయస్సు ఒక బడియేనను ఆలోచన గల గ్రంథము, ముగియకుండనే నిలిచిపోయినది. ఆ వ్రాతప్రతి జర్మనీలోని హాలె పట్టణపు అనాథశరణాలయ గ్రంథాలయము చేరి, చాల కాలము ఎవరి కంటను పడక, 1930 దశకములో బయటపడినది. 1966లో ప్రాగ్ నగరములో అచ్చయినది. ఆ హాలె పట్టణము ఏదో ఎరుగుదుమా? మద్రాసులో తెలుగు నేర్చి, బైబిలును తెలుగులోనికి అనువదించుటకు పూనుకొన్న బెంజమిన్ షుల్జ్ గారు తిరిగి వెళ్లిన పట్టణమది. 1746లో తెలుగు అక్షరములు మొట్టమొదట పుస్తకముగా అచ్చయినది అక్కడనే. మన భాషకు అచ్చుటెక్కు నిచ్చిన ఊరును, కొమీనియస్ గారి చివరి మాటలను దాచియుంచిన ఊరును ఒకటే. ఇది తలంచుకొన్నప్పుడు మాకు నిజముగా ఆశ్చర్యము కలుగుచున్నది.

1957లో ఐక్యరాజ్య సమితి విద్యా సంస్థయైన యునెస్కో ఆయన విద్యాగ్రంథముల మూడు వందల ఏండ్ల పండుగకు ఆయన రచనల సంపుటిని వెలువరించినది. మనము సెప్టెంబరు 5న ఉపాధ్యాయ దినము జరుపుకొనునట్లు, చెక్ దేశస్థులు ఆయన జన్మదినమైన మార్చి 28న జరుపుకొందురు.

మన బడుల సంగతి

ఇక మన సంగతి. మన పెద్దలు చెట్టు క్రింద బడి పెట్టిన కాలములో పలకలు తక్కువ, పుస్తకములు తక్కువ. కాని చెట్టు ఉన్నది, చెట్టు మీద పక్షి ఉన్నది. నేడు మనకు భవనములు ఉన్నవి, పుస్తకముల బరువుకు బిడ్డల వీపులు వంగుచున్నవి. మార్కుల కొరకు తల్లిదండ్రులు, ఫలితముల కొరకు మేనేజిమెంటు, పాఠములు ముగించుటకు ఉపాధ్యాయులు తొందరపడుచున్నారు. ఈ తొందరలో బిడ్డ అడిగిన ప్రశ్నకు చోటెక్కడ? కంఠస్థము చేయించుట తప్పని మేము చెప్పుట లేదు. చిన్ననాడు నేర్చిన వాక్యములు కష్టకాలములో మమ్ములను నిలిపినవి. కాని అర్థము లేని మాట నాలుకమీదనే ఉండి పోవును. చూచి ఆశ్చర్యపడి నేర్చిన మాట హృదయములోనికి దిగును. స్తోత్రమునకు తల్లి ఆశ్చర్యమే. ఆశ్చర్యపడుట మరచిన బిడ్డ రేపు గుడిలో కూర్చుండినను దేవుని స్తుతించుట ఎట్లు నేర్చుకొనును?

మా తప్పు చెప్పినాము గనుక, దాని తరువాతి కథయు చెప్పెదము. మరుసటి సంవత్సరము ఆరుద్ర కార్తెలో వాన వెలసిన ఆదివారము, పుస్తకములు మూసి పిల్లలందరిని గుడి వెనుకనున్న చేని గట్టునకు తీసికొనిపోయినాము. ఆ పిల్లవానిని పేరు పెట్టి పిలిచి, ఆరుద్ర పురుగు ఎక్కడ దొరకునో మాకు చూపుమన్నాము. వాడు మొదట నమ్మలేదు. మా ముఖము వంక చూచి, తరువాత పరుగెత్తినాడు. ఒకదానిని అరచేతిలో పెట్టుకొని వచ్చి, ముట్టుకొంటే ఇది కాళ్లు ముడుచుకొనునని మాకు నేర్పినాడు. పిల్లలు కాళ్లు లెక్కపెట్టినారు. ఎనిమిది. చీమకు ఆరే గదా అని ఒక అమ్మాయి అన్నది. ఇది పురుగని పిలువబడినను సాలెపురుగు జాతికి దగ్గరిదని ఆ సాయంత్రము పుస్తకము చూచి మేము తెలిసికొన్నాము. చొక్కా ఎవరు కుట్టినారను ప్రశ్నకు ఆ దినము పిల్లలే సమాధానము చెప్పుకొన్నారు, ఆదికాండము మొదటి అధ్యాయము తెరువకుండనే. ఆ తరువాత తెరచి చదివినాము.

అయినను ఒక సంవత్సరము ఆ పిల్లవాని నోరు మూయించితిమని మా మనస్సు నేటికిని బాధపడుచునే ఉన్నది. అందరికి అట్టి రెండవ అవకాశము దొరకదు. కాబట్టి ఉపాధ్యాయులారా, సండే స్కూలు సేవకులారా, తల్లులారా, తండ్రులారా, ఈ నూరేండ్ల పండుగనాడు మనము క్రొత్త భవనములకు పునాదిరాళ్లు వేయుదము, మంచిదే. దానితో పాటు, బిడ్డ అగ్గిపెట్టె తెరచి చూపినప్పుడు వంగి చూచెదమని కూడ ఒక తీర్మానము చేసికొందము. ఇల్లు, దేశము, పుస్తకములు అన్నియు పోగొట్టుకొన్న ఆ ముసలి బిషప్పు పిల్లల మీద నమ్మకము పోగొట్టుకొనలేదు. రాబోవు నూరేండ్ల సంఘము ఈ దినమున మన ముందు నేలమీద కూర్చుండి ప్రశ్నలడుగుచున్నది. వారి ప్రశ్నలను వినుటకు ఓపికయు, వారితో కూడ ఆశ్చర్యపడుటకు పసి మనస్సును ప్రభువు మనకందరికి దయచేయును గాక. ఆమేన్.